అంశం 418: మణికట్టులో తరుగు

మా జలద్వారాల సంస్థలో ఒక వస్తువు ఉందని చెప్పడానికి అది కళ్లెదుట ఉంటే చాలదు. రిజిస్టరులో ఉండాలి. రిజిస్టరులో ఉంటే కళ్లెదుట లేకపోయినా అంత ఇబ్బంది లేదు. ఏటా ఒక మనిషి వెళ్లి, "ఉండవలసినది", "ఉన్నది", "తేడా" అనే మూడు గడులు నింపి వస్తాడు. ఇరవై రెండేళ్లుగా ఆ మనిషిని నేనే. పారలు, గునపాలు, లాంతర్లు, తూముల తలుపులెత్తే ఇనుప చక్రాలు, వాటికి పూసే గ్రీజు డబ్బాలు, అన్నీ లెక్కపెట్టాను.

ఆ సంవత్సరం మనుషుల్ని లెక్కపెట్టమన్నారు. మనుషులంటే తలలు కాదు.

దీనికి మూలం ఒక కాలివేలు. తొమ్మిదేళ్లు సర్వీసు చేసిన వాచ్‌మన్ ఒకడు చెప్పులు విప్పి కూర్చుని ఉండగా, ఎడమ పాదానికి చిటికెన వేలు లేదని ఆడిటరు చూశాడు. అతని ఫిట్‌నెస్ సర్టిఫికెట్‌లో "శరీరం సరిగా ఉన్నది" అని ఒకటే ముక్క రాసి ఉంది. ఆడిటరు తన నివేదికలో ఇలా రాశాడు: "సంస్థ తన గునపములను విడివిడిగా సరిచూచుచున్నది గాని, వాటిని పట్టుకొను సిబ్బందిని మొత్తముగా నమ్ముచున్నది. ఇది విచారకరము." వాచ్‌మన్ను పిలిచి అడిగితే ఆ వేలు పుట్టుకతోనే లేదన్నాడు. అది లేదు గదా అని ఏ దొంగా లోపలికి రాలేదని కూడా అన్నాడు. ఇది జవాబు కాదని అతనికి మెమో ఇచ్చారు.

ఆ వెంటనే ఉత్తర్వు వచ్చింది. ఇకమీదట ఎవరిని పర్మనెంటు చేయాలన్నా వారి దేహాన్ని అంశాలవారీగా సరిచూడాలి. అంశాల జాబితా కావాలి కదా. మా ముఖ్య తనిఖీ అధికారి శొంఠి నరహరిరావుగారు పాత పుస్తకాల దుకాణం నుంచి, ఎవరో వైద్యవిద్యార్థి అమ్ముకున్న శరీరశాస్త్రం పుస్తకాన్ని తెప్పించారు. అందులో లోపలి పేజీలు చదవవలసిన అవసరం ఆయనకు కనిపించలేదు. చివరనున్న ఇండెక్సును యథాతథంగా టైపు చేయించారు. ఆరువందల పన్నెండు అంశాలు తేలాయి. ఇండెక్సు ఇంగ్లీషు అక్షరక్రమంలో ఉంది కాబట్టి మా రిజిస్టరులో మూత్రపిండం పక్కన మోకాలు వచ్చింది. జంటగా ఉండేవాటికి ఎదురుగా "రెండు" అని, తక్కినవాటికి "ఒకటి" అని రావుగారు స్వహస్తంతో వేశారు. వెంట్రుకల దగ్గర కొంచెంసేపు ఆగి, "తగినన్ని" అని రాశారు.

జూన్ ముప్ఫయ్యో తేదీలోగా నలభై ఒక్క మంది లస్కర్లను పర్మనెంటు చేయాలి. లస్కరంటే కాలువ మీద తూము తలుపుల్ని ఎత్తి దించే మనిషి. ఆ తేదీ దాటితే జాబితా రద్దవుతుంది. మళ్లీ జాబితా ఎప్పుడు వేస్తారో చెప్పగలవాళ్లెవరూ మా సంస్థలో లేరు. ఆ నలభై ఒక్క మందిలో పొట్నూరు దమయంతి ఒకతె. పదమూడో మైలు దగ్గర, కాలువకు ఆఖరి తూము ఆమెది. తొమ్మిదేళ్లుగా టెంపరరీగా పనిచేస్తోంది. ఆ తూము చక్రం పాతది. అంతకుముందు ఇద్దరు మగవాళ్లు కలిసి తిప్పేవారట. ఆమె వచ్చాక రెండో మనిషి పోస్టును రద్దు చేశారు.

పరీక్ష జిల్లా ఆసుపత్రిలో జరిగింది. డాక్టర్ కమర్ జహాన్ చూసి చెబుతుంటే నేను గడులు నింపుతున్నాను. నాలుగువందల పదిహేడు దాకా సాఫీగా వెళ్లింది.

"అంశం నాలుగువందల పద్దెనిమిది," అని చదివాను. "పాల్మారిస్ లాంగస్. ఉండవలసినవి రెండు."

డాక్టరు తన బొటనవేలినీ చిటికెన వేలినీ కలిపి, మణికట్టును కొంచెం లోపలికి వంచి చూపించారు. మణికట్టు నడుమ సన్నటి తాడులాంటిది పైకి లేచింది. దమయంతిని కూడా అలాగే చేయమన్నారు. ఆమె చేసింది. ఆమె మణికట్టు నున్నగా ఉండిపోయింది.

"లేదు. ఏదీ, రెండో చెయ్యి? దానికీ లేదు. ఫరవాలేదు, రాసుకోండి."

"ఫరవాలేదు అనే గడి లేదు మేడమ్."

ఆవిడ నవ్వారు. అది ముంజేతిలో ఒక బక్క కండరమని, దాని తాడు అరచేతిదాకా పోతుందని, నూటికి పది పదిహేను మందికి అది పుట్టుకతోనే ఉండదని, లేనందువల్ల పట్టు ఏమాత్రం తగ్గదని చెప్పారు.

"ఏమీ కానిదాన్ని పుస్తకంలో ఎందుకు పెట్టారు మేడమ్?" అన్నాను. వెటకారానికి కాదు, నిజంగానే అడిగాను.

"పుస్తకం రాసినవాళ్లకి ఉండుంటుంది," అన్నారావిడ.

"ఏటి బాబూ, ఏటి నేదంతన్నారు?" అంది దమయంతి.

"మణికట్టులో ఒక తాడు."

"నేకపోతే?"

"తేడా రెండు," అని రాశాను.

తొమ్మిదేళ్లలో ఆమెకు తన చేతుల్ని చూసుకోవలసిన అవసరం పడి ఉండదు. ఇప్పుడు తిప్పి తిప్పి చూసుకుంది. ఒక చేతిని రెండో చేత్తో నొక్కి చూసింది. లేదని చెప్పేదాకా లేని వెలితి, చెప్పిన క్షణంలోనే చోటు చేసుకుని లోపల కూర్చుంటుంది. మనిషి మనసుకి అంతకన్నా తేలికైన పని ఇంకొకటి లేదు. మా ఉత్తర్వులన్నీ ఆ తేలికదనం మీదే నడుస్తాయని అప్పటికి నాకు తెలియదు.

ఆ నలభై ఒక్క మందిలో ఇంకో నలుగురికి కూడా 418 దగ్గర తేడా వచ్చింది. సంజాయిషీ అడిగే మెమో చేతిలో పెట్టగానే ఆ నలుగురూ సంతకం చేసి, ఇంకేదో పని చూసుకుంటామని వెళ్లిపోయారు. తమలో ఏదో లేదని చెప్పగానే వాళ్లు ఇట్టే నమ్మేశారు. దమయంతి మాత్రం మెమో మడిచి జాకెట్లో దోపుకుని, నరహరిరావుగారి గదిలోకి నడిచింది.

"సదరు కండరములు నీ వద్ద ఎప్పటినుండి లేవు?" అని రావుగారు అడిగారు. ఆయన మనుషులతో కూడా ఫైలు భాషలోనే మాట్లాడతారు.

"ఉన్నాయనే నాకు తెల్దు బాబూ. ఉన్నాయని తెలిస్తే గదా, ఎప్పుడెల్లిపోనాయో సెప్పడానికి?"

"తెలియదనుట నిర్లక్ష్యము. తరుగు అన్నది ఎవరో ఒకరి అధీనములో ఉండగా సంభవించవలెను. గాలిలో సంభవించదు. నీ అధీనములోనికి రాకపూర్వము ఈ చేతులు ఎవరి అధీనములో ఉండెను?"

"మా యమ్మ కడుపులో ఉండెను," అంది దమయంతి.

నేను నవ్వాపుకున్నాను. రావుగారు నవ్వలేదు. ఆయనకు దారి దొరికింది. "పూర్వ అధీనదారును హాజరుపరచుము. అంతవరకు నీవు తూము చక్రమును ముట్టరాదు. లోపముగల చేతితో ప్రభుత్వ ఆస్తిని ముట్టుట ప్రమాదకరము."

"సార్, తొమ్మిదేళ్లుగా ముట్టుకుంటూనే ఉంది కదండీ," అన్నాను.

"అది మనకు తెలియకపూర్వము," అన్నారాయన.

తల్లి ఎర్రయ్యమ్మ వచ్చింది. కుర్చీ చూపిస్తే, గోడకి చేరగిలబడి నేల మీదే కూర్చుంది. రావుగారు ప్రశ్నావళి తీశారు.

"జన్మసమయమున సదరు శిశువుతోబాటు సదరు కండరములను కూడా అప్పగించితివా?"

"ఎవులికి అప్పజెప్పాల బాబూ? పుచ్చుకున్నోలు నాకు రసీదేటైనా ఇచ్చినారేటి?"

"ప్రశ్నకు సూటిగా సమాధానము."

"గుంట పుట్టగానే వేలు లెక్కెట్టుకున్నాను. సేతులకి పది, కాల్లకి పది. కల్లున్నాయి, సెవులున్నాయి. ఏడుపుంది, ఊరంతా ఇన్నాది. లోపల తాళ్లెవులు లెక్కెడతారు నాయినా? మీ యమ్మ లెక్కెట్టిందేటి నీకు?"

రావుగారు నా వైపు తిరిగి చెప్పి రాయించారు: "అప్పగింత సమయమున లెక్కించలేదని సాక్షి అంగీకరించినది." అలా చెబుతున్నప్పుడు ఆయన ఎడమ చెయ్యి బల్ల కింద ఉంది. నేను కూర్చున్న చోటి నుంచి కనిపించింది. బొటనవేలూ చిటికెన వేలూ కలిసి ఉన్నాయి, మణికట్టు వంగి ఉంది. తాడు లేచింది. ఆయన ముఖంలో ఒక ప్రశాంతత వచ్చింది. మంచి కుటుంబంలో పుట్టామని గుర్తుకొచ్చినప్పుడు కొందరికి అలాంటి ప్రశాంతతే వస్తుంది.

ఈలోగా పదమూడో మైలుకు, రెండు మణికట్లూ సంపూర్ణమని సర్టిఫికెట్ పొందిన ఇద్దరు మనుషుల్ని పంపించారు. అప్పుడే కాలువకు నీళ్లు వదిలారు. ఆఖరి తూము కింద నారుమళ్లు తడి కోసం చూస్తున్నాయి. ఆ ఇద్దరూ చక్రాన్ని ఒక పూటంతా లాగారు. అది అంగుళం కదల్లేదు. దమయంతి గట్టు మీద కూర్చుని చూస్తూ ఉంది. చివరికి ఉండబట్టలేక అరిచింది.

"ఒరే నాయినా, ముందుకు తోస్తారేటి! ముందల ఎనక్కి అరసుట్టు తిప్పి ఒగ్గీయండి. అది ఊపిరి పీల్చుకున్నాక అప్పుడు ముందుకి తిప్పండి!"

వాళ్లు వెనక్కి తిప్పారు, కానీ ఎంతసేపు వదలాలో తెలియలేదు. ఇనుపపిడి ఒకటి వంగింది. నీళ్లు తలుపుకు ఇవతలే నిలబడిపోయాయి. ఈ సంఘటనపై వచ్చిన నివేదికను అనుసరించి దమయంతికి రెండో మెమో వెళ్లింది: "చక్రమును గూర్చి సలహా ఇచ్చుటయు చక్రమును ముట్టుటతో సమానముగా పరిగణింపబడును."

ఇంత జరిగాక రావుగారికి ఒక సందేహం వచ్చింది. పోయిన వస్తువు ఏమిటో ఫైలులో స్పష్టంగా లేదు. ఆసుపత్రికి లేఖ రాశారు. "విషయము: పాల్మారిస్ లాంగస్ అను పదమునకు అర్థము మరియు వినియోగము తెలియజేయుట గురించి."

డాక్టరుగారు ఒక పేజీ జవాబు పంపారు. ముంజేతి కండరం, అరచేతి వైపు పోయే సన్నని తాడు, లేకపోయినా నష్టం లేదు. రావుగారు తిరుగు టపాలో రాశారు: "తమ లేఖలో అర్థము అందినది. వినియోగము అందలేదు. వెంటనే పంపగలరు."

ఈసారి జవాబు నాలుగు వరుసలే వచ్చింది. "ఉన్నచోట దీనికి చెప్పుకోదగ్గ వినియోగం లేదు. శస్త్రచికిత్సలో, వేరే చోట తాడు తెగిపోతే, దీన్ని తీసి అక్కడ కుట్టడానికి పనికివస్తుంది. తీసినందువల్ల మనిషికి లోటు ఉండదు. దయచేసి ఆ అమ్మాయిని పనిచేసుకోనివ్వండి."

రావుగారు ఆఖరి వాక్యం చదవలేదు. మొదటి మూడూ రెండుసార్లు చదివారు. ఆయన ముఖం వెలిగింది.

"చూచితిరా! ఉన్నచోట పనిలేదు. తీసి వేరొకచోట వేసినచో పనికివచ్చును. ఇది డిప్యుటేషన్ కండరము!"

మా ఆఫీసులో అలాంటివాళ్లు చాలామంది ఉన్నారు కాబట్టి అందరికీ అర్థం ఒక్కసారిగా తెలిసిపోయింది. కండరం మీద గౌరవం పెరిగింది. మధ్యాహ్నం టీ దగ్గర జనం ఒకరికొకరు మణికట్లు చూపించుకోవడం మొదలుపెట్టారు. ఉంగరాన్ని చూపించినంత ధీమాగా తాడు లేపి చూపించేవారు. లేనివాళ్లు ఆ సమయానికి ఏదో ఫైలు వెతుక్కుంటూ ఉండేవారు. జూన్ పదిహేనుకల్లా, తాడున్నవాళ్లు కాస్త బిగ్గరగా మాట్లాడుతున్నారని గమనించాను. వారం కిందటి దాకా దాని పేరైనా వాళ్లు వినలేదు. గొప్పతనం కావాలనుకునే మనసుకు, అది శరీరంలో ఎక్కడ దొరికినా ఒకటే.

దమయంతి రోజూ వచ్చేది. ఆఫీసు వరండాలో బెంచీ మీద కూర్చునేది. ఒకరోజు నేను అటుగా వెళ్తుంటే పిలిచింది.

"బాబూ, ఆ తాడు మొలిసే మందేటైనా ఉందేటి?"

లేదన్నాను.

"ఉందనుకోండి. ఆ మందేసుకుంటే నా సక్రం ఇంకా తేలిగ్గా తిరుగుద్దా?"

తిరగదన్నాను. అది తిరగడానికీ దీనికీ సంబంధం లేదన్నాను.

"ఆ ముక్క లోపలికెల్లి సెప్పండి మరి."

నేను లోపలికి వెళ్లాను. ఆ ముక్క చెప్పలేదు. పదిహేను రోజులే గడువుంది, ఆమె వెళ్లి రావుగారి పైఅధికారి అయిన ముఖ్య ఇంజనీరుగారిని కలిస్తే మంచిదని, ఎవరికీ వినపడకుండా అనుకున్నాను.

కానీ పైకి వెళ్లింది రావుగారే. దమయంతి కేసు ఎంత అరుదైనదో ముఖ్య ఇంజనీరుగారికి నిరూపించాలని, హెడ్డాఫీసులో నాలుగువందల మందినీ సమావేశమందిరంలో నిలబెట్టి సరిచూడడానికి అనుమతి తెచ్చారు. నాలుగువందల మంది ఒకేసారి బొటనవేలినీ చిటికెన వేలినీ కలిపి చేతులు ముందుకు చాచారు. ఏదో కొత్త మతంలో నమస్కారంలా ఉంది. నేను వరస వెంట నడుస్తూ గడులు నింపాను. అరవై ఒక్క మందికి రెండు చేతులకూ తరుగు వచ్చింది. నా సంగతి నేనే చూసుకుని రాసుకున్నాను. సరిగానే రాశానని అనుకోండి.

ఆఖరున, అందరికీ ఆదర్శంగా ఉంటుందని ముఖ్య ఇంజనీరుగారు వేదిక మీద నుంచే చెయ్యి చాచారు. ఎడమ మణికట్టులో తాడు ఠీవిగా లేచింది. చప్పట్లు కొట్టారు. కుడి చెయ్యి చాచారు. ఏమీ లేవలేదు. ఇంకొంచెం వంచారు. మైకు దగ్గర నిలబడ్డ రావుగారు, అసంకల్పితంగా, తనూ చెయ్యి వంచి చూపించారు, ఇలా అన్నట్టు. ముప్ఫయ్యేళ్లుగా సంస్థ ఉత్తర్వులన్నిటి మీదా సంతకం పెట్టిన చెయ్యి అది.

ముఖ్య ఇంజనీరుగారు చొక్కా కఫ్ కిందికి లాక్కున్నారు. "రావుగారూ," అన్నారు మెల్లగా, "ఈ అంశం అసలు అవసరమా?"

"అవసరం లేదండి," అన్నారు రావుగారు. ఆయన మామూలు తెలుగులో మాట్లాడడం నేను వినడం అదే మొదటిసారి. "మొదట్నుంచీ నేనూ అదే అనుకుంటున్నానండి."

మర్నాడు సవరణ వచ్చింది. అంశం 418 ఎదుట "రెండు" అనుటకు బదులు "సున్న" అని చదువుకోవాలి. అంతటితో పోయేదే. కానీ మా రిజిస్టరులో మూడో గడి ఒకటి ఉంది. ఉండవలసినది సున్న. ఉన్నది రెండు. తేడా రెండు, మిగులు. సరుకు సరిచూసేవాడు తరుగును క్షమించగలడు గాని మిగులును క్షమించలేడు. తరుగుకు అజాగ్రత్త చాలు. మిగులు ఉందంటే, అది ఎక్కడినుంచో వచ్చి ఉండాలి. నిబంధన ప్రకారం మూడువందల ముప్ఫై తొమ్మిది మందికీ, ముఖ్య ఇంజనీరుగారి ఎడమ చేతికీ మెమోలు తయారుచేశాను. "మీ వద్ద కనుగొనబడిన అధిక కండరములు ఏ మార్గమున సంప్రాప్తించినవో, వాటిని సంస్థకు వాపసు చేయుటకు గల అభ్యంతరము లేమో, మూడు దినములలో తెలుపవలెను." తీసినందువల్ల మనిషికి లోటు ఉండదన్న డాక్టరుగారి వాక్యాన్ని జతపరిచాం.

ఆ మధ్యాహ్నానికే మణికట్లు మాయమైపోయాయి. జూన్ ఎండలో జనం పొడుగు చేతుల చొక్కాలు వేసుకొచ్చారు. ఇద్దరు కట్టు కట్టుకొచ్చారు. చిటికెన వేలు అసలు వంగదని ఒకాయన సర్టిఫికెట్ తెచ్చుకున్నాడు. ఎడమ చేత్తో టీ తాగే అలవాటున్న ముఖ్య ఇంజనీరుగారు కుడి చేత్తో తాగసాగారు, కుడి కఫ్ మోచేతిదాకా మడిచి. నరహరిరావుగారు రెండు చేతులూ జేబుల్లో పెట్టుకుని ఆఫీసంతా తిరిగారు. వరండాలో బెంచీ దగ్గర ఆగి, "ఏమ్మా దమయంతీ, బాగున్నావా? పుణ్యం చేసుకుని పుట్టావు," అన్నారు. టీ దగ్గర ఫైలు వెతుక్కునేవాళ్లు ఇప్పుడు బిగ్గరగా మాట్లాడుతున్నారు.

మిగిలిన ముప్ఫయ్యారు మంది లస్కర్లకూ మిగులు తేలింది కాబట్టి వాళ్ల ఫైళ్లు ఆగిపోయాయి. జాబితాలో ఏ తేడా లేకుండా నిలిచింది ఒక్క దమయంతి.

ముప్ఫయ్యో తేదీన ఆమెను లోపలికి పిలిచారు. రావుగారు ఒక చేతిని జేబులోంచి తీసి, ఉత్తర్వు చదివారు: "పొట్నూరు దమయంతి అను అభ్యర్థిని, అంశము 418 ఏ చేతియందును లేనందున, సంస్థ నిబంధనలకు సంపూర్ణముగా అనుగుణమైన దేహము గలదిగా ధ్రువీకరించి, పర్మనెంటు చేయుటయైనది."

దమయంతి విన్నది. కాగితం తీసుకోలేదు.

"ఒక్క మాట బాబూ. ఈ నౌకరీ నాకు సేతిలో తాడు నేందానికిచ్చినారా, సేత్తో సేసిందానికిచ్చినారా?"

"అదంతా ఫైలులో ఉంటుంది," అన్నారు రావుగారు, నా వైపు చూస్తూ.

ఫైలు నా దగ్గరే ఉంది. మూడువందల పన్నెండు పేజీలు. తిప్పాను. ఆమె రెండు కళ్లు, రెండు చెవులు, ఇరవై వేళ్లు, తగినన్ని వెంట్రుకలు, అన్నీ ఉన్నాయి. తల్లి వాంగ్మూలం ఉంది. తొమ్మిదేళ్లు ఆమె పదమూడో మైలు దగ్గర తలుపు ఎత్తిందని మాత్రం ఎక్కడా లేదు. చక్రం అన్న మాట రెండుచోట్ల కనిపించింది. రెండుచోట్లా దాన్ని ముట్టొద్దనే ఉంది.

"నేదు గదా?" అంది. "రాయండి మరి. తొమ్మిదేళ్లు నీళ్లిడిసింది అని. ఒక్క ముక్క. నాను కూకుంటాను."

నిజంగానే కూర్చుంది. రావుగారు గోడ గడియారం వైపు చూశారు. అయిదు దాటితే జాబితా రద్దు. నాలుగూ నలభై అయింది. నేను కలం తీశాను. ఉండవలసినది, ఉన్నది, తేడా. ఆ ముక్క ఏ గడిలోనూ పట్టలేదు. గడులు దాటి రాయడానికి చెయ్యి రాలేదు.

ఆమె చాలాసేపు నా చేతి వైపే చూసింది. నాలుగూ యాభైకి, "పోన్లెండి బాబూ. అక్కడ నీళ్లాగిపోయున్నాయి. సంతకమెక్కడెట్టాల?" అంది. చోటు చూపించాను. పెట్టి వెళ్లిపోయింది.

పొద్దుగూకే లోపలే పదమూడో మైలు నుంచి ఫోను వచ్చింది. తలుపు లేచిందని, ఆఖరి తూములోంచి నీళ్లు దిగుతున్నాయని. దాన్ని ఏ అంశం కింద నమోదు చేయాలో తెలియజేయవలసిందిగా పైకి రాశాను. జవాబు ఇంకా రాలేదు.